ఆగిన ప్రసారం

జరిగినదానిని తెలపడం వార్త. దాచిపెట్టినదానిని ఆధారాలతో వెలికితీయడం పరిశోధనాత్మక వార్త. సైనిక వ్యవహారాలలో ఈ పని మరింత కష్టం. దేశభద్రత అనే మాట అక్కడ ప్రతి ప్రశ్నకూ అడ్డు నిలుస్తుంది.

ఇరాక్ రాజధాని బాగ్దాద్ సమీపంలోని అబూ గ్రైబ్ చెరసాలలో అమెరికా సైనికులు ఖైదీలను చిత్రహింసలకు గురిచేశారు. 2004 జనవరిలో జోసెఫ్ డార్బీ అనే సైనికుడు ఆ అకృత్యాల ఛాయాచిత్రాలను సైనిక పరిశోధకులకు అందజేశాడు. విచారణ జరుపుతున్నామని సైన్యం ఆ నెలలోనే క్లుప్తంగా ప్రకటించింది. లోకం అంతగా పట్టించుకోలేదు.

తరువాత ఆ చిత్రాలు సి.బి.ఎస్. టెలివిజన్ సంస్థకు చేరాయి. అప్పటికి ఫల్లూజాలో పోరు సాగుతున్నది. ఇరాక్‌లో కొందరు విదేశీయులు బందీలుగా ఉన్నారు. అందువల్ల ప్రసారాన్ని వాయిదా వేయవలసిందని అమెరికా సంయుక్త సేనాధిపతుల మండలి అధ్యక్షుడు జనరల్ రిచర్డ్ మయర్స్ కోరాడు. సంస్థ రెండు వారాలు ఆగింది. ఇదే విషయాన్ని సీమోర్ హెర్ష్ 'న్యూయార్కర్' పత్రికలో వెల్లడింపబోతున్నాడని తెలిసిన పిమ్మట, ఏప్రిల్ 28న '60 మినిట్స్ 2' కార్యక్రమంలో ఆ చిత్రాలను ప్రసారం చేసింది.

బందీల ప్రాణాలను తలచి ఆగడం అర్థం చేసుకోదగినదే. కాని పోటీ పత్రిక లేకపోయినట్లయితే ఆ రెండు వారాలు ఎన్ని నెలలయ్యేవో! చెరసాలలోని ఖైదీలవి కూడా ప్రాణాలే కదా.

ప్రసారం జరిగిన పది రోజులలోపే రక్షణమంత్రి డొనాల్డ్ రమ్స్‌ఫెల్డ్ సెనేట్ సంఘం ఎదుట క్షమాపణ చెప్పాడు. కాలక్రమాన 11 మంది సైనికులు దోషులుగా తేలారు. ఉన్నతాధికారులెవరూ కారాగారానికి వెళ్ళలేదు. సత్యాన్ని బయటపెట్టిన డార్బీ మాత్రం స్వస్థలానికి తిరిగివెళ్ళి నివసించలేకపోయాడు.