బెలుం గుహలకు ఒకదినపు యాత్ర

పంట యింటికిఁ జేరిన పిదప నంద్యాల, ఆళ్లగడ్డ ప్రాంతపు కర్షకసోదరు లొక్కదినము బెలుం గుహలకుఁ బోయి రావలయును. నంద్యాలవారు బనగానపల్లె, అవుకు మీదుగాను, ఆళ్లగడ్డవారు కోవెలకుంట్ల మీదుగాను కొలిమిగుండ్లకుఁ జేరినచో బెలుము సమీపమే.

చదునైన పొలముల నడుమ బావివంటి బిలమే ద్వారము. లోనఁ గొలిచిన పొడవు 3,229 మీటర్లు. 1884లో రాబర్టు బ్రూసు ఫూటు వీనిని గుర్తించెను. 1982, 1983లలో డేనియలు గెబావరు నాయకత్వమున జర్మను బృందము శోధించెను. 2002లో యాత్రికులకుఁ దెఱవఁబడినవి. పూర్వము బౌద్ధభిక్షువు లిందు వసించిరనుటకు నవశేషములు దొరకినవి.

లోపల మిక్కిలి యుక్కగా నుండును. మార్గదర్శిని విడువక నడువవలయును. పాతాళగంగ యొద్ద నొకింత నిలిచి యోజింపుఁడు. మన నాపరాయి జాతి సున్నపుఱాతిని నీరే లక్షలయేండ్లు కరగించి యీ త్రోవలను జేసినది. ఇట్టి నేలలో నీరు మంటిలో వడగట్టఁబడకయే నెఱ్ఱెల వెంట దూరము పోవును. ఒకప్పుడు చుట్టుప్రక్కల గ్రామములవా రీ బిలములోఁ జెత్త పోసెడివారు. నేఁడును బాడుబావులలోఁ బురుగుమందు డబ్బాలను బడవేయువారు కలరు. ఆ విషము పొరుగువాని బావికిఁ జేరవచ్చును. సంఘపు సొమ్మునందువలెనే క్రిందినీటియందును మనమందఱము భాగస్థులము. తిరిగివచ్చిన దినముననే మీ గ్రామపు పాడుబావిని శుభ్రపఱపుఁడు.