చూపుతోనే చంపేస్తారు!

బడి యూనిఫాం. చీలమండల దాకా వేలాడే స్కర్టు. లోపల దాచిన కత్తి. ఎదురుపడితే మగపిల్లలు కూడా పక్కకు తప్పుకోవాల్సిందే!

జపాన్‌లో మగపిల్లల ముఠా నాయకుణ్ని ‘బాంచో’ అంటారు. ఆ ముఠాల్లో అమ్మాయిలకు చోటు లేదు. దాంతో వాళ్లే సొంత ముఠాలు కట్టారు. అలాంటి ఆడ నాయకురాలే ‘సుకేబాన్’. పొట్టి స్కర్టుల ఫ్యాషన్ ఊపేస్తున్న కాలంలో పొడుగు స్కర్టు వేసుకోవడమే వాళ్ల తిరుగుబాటు.

అదే సమయంలో అక్కడి సినిమా కష్టాల్లో పడింది. 1958లో 112 కోట్లకు పైగా టికెట్లు తెగితే, 1970 నాటికి ఆ సంఖ్య పాతిక కోట్లకు జారింది. కారణం... ఇంటింటికీ వచ్చిన టీవీ. కుటుంబాలు ఇంట్లోనే ఉండిపోయాయి, హాళ్లకు కుర్రాళ్లే మిగిలారు. వాళ్ల కోసం టీవీలో చూపించలేనివన్నీ స్టూడియోలు తెరమీదికి తెచ్చాయి. నిక్కాట్సు సంస్థ 1970-71లో ‘స్ట్రే క్యాట్ రాక్’ పేరుతో అయిదు సినిమాలు తీసింది. తోయె సంస్థ 1971లో ‘గాళ్ బాస్’ వరస మొదలుపెట్టింది. రెయికో ఇకె, మికి సుగిమోతో తారలైపోయారు.

ఈ సినిమాల్లో ఓ విచిత్రం ఉంది. కథలో అమ్మాయిలు తమను వాడుకునే మగాళ్ల మీద తిరగబడతారు. కెమెరా మాత్రం ఆ మగాళ్ల కళ్లతోనే వాళ్లను చూస్తుంది. కోపం అమ్మాయిలది, లాభం స్టూడియోలది!

ఆ లెక్కను కొంతయినా మార్చిన నటి మేయికో కాజి. ‘స్ట్రే క్యాట్ రాక్’తో పేరు తెచ్చుకున్న ఆమె, 1971లో నిక్కాట్సు శృంగార చిత్రాల బాట పట్టగానే ఆ సంస్థకు దణ్ణం పెట్టి వచ్చేసింది. 1972లో తోయె తీసిన ‘ఫిమేల్ ప్రిజనర్ స్కార్పియన్’లో పగబట్టిన ఖైదీ పాత్ర. మూలమైన కామిక్స్‌లో ఆ ఖైదీ నోటికి అదుపుండదు. కాజి మాత్రం మాటలు దాదాపు తీసేయించి, కళ్లతోనే నటించింది. ఆ సినిమాకు ఆమె పాడిన పాటను హాలీవుడ్ దర్శకుడు టరాంటినో ‘కిల్ బిల్’లో వాడుకున్నాడు.

అసలు మలుపు వేరే ఉంది. 1976లో ఓ అమ్మాయిల పత్రికలో ‘సుకేబాన్ దెకా’ కామిక్స్ మొదలైంది. ముఠా పిల్లే పోలీసుల తరఫున నేరస్థుల పనిపడుతుంది. ఆయుధం... యోయో! 1985లో అది సీరియల్‌గానూ వచ్చింది. ఏ టీవీ దెబ్బకు హాళ్లు కుర్రాళ్ల పాలయ్యాయో, ఆ టీవీలోంచే సుకేబాన్ ఇళ్లలోకి నడిచొచ్చింది. ఈసారి చూసేవాళ్లలో అమ్మాయిలూ ఉన్నారు.