చెత్తతో కట్టిన గోడ, చట్టం కట్టిన గోడ

ఊరందరికీ కరెంటు తీగలు, నీటి గొట్టాలు, మురుగు కాల్వలు కలిపి అందించే ఉమ్మడి వ్యవస్థతో ప్రమేయం లేకుండా, ఇల్లే తన అవసరాలను తీర్చుకొనే జీవన విధానాన్ని ఆఫ్‌గ్రిడ్ అంటారు. దీన్ని అడవిలో ఏకాంతవాసంగా ఊహించుకోవడం పరిపాటి కాగా, బ్రిటిష్ దర్శకుడు ఆలివర్ హాడ్జ్ మూడేళ్లపాటు, నాలుగు దేశాల్లో చిత్రీకరించి 2007లో వెలువరించిన ‘గార్బేజ్ వారియర్’ డాక్యుమెంటరీ దాన్ని శాసనసభ మెట్ల దాకా నడిపించింది.

చిత్రానికి కేంద్రం అమెరికాలోని న్యూమెక్సికో రాష్ట్రంలో, టావోస్ పరిసరాల ఎత్తైన పొడినేలల్లో 1970ల నుంచి చెత్తతో ఇళ్లు కడుతున్న ఆర్కిటెక్ట్ మైకేల్ రేనాల్డ్స్. ఆయన ‘ఎర్త్‌షిప్’ అని పిలిచే ఇంట్లో, పాత టైర్లలో మట్టి పోసి సమ్మెటతో దట్టించి వెనుక గోడను పేరుస్తారు. అలా నిండిన ఒక్కో టైరు 130 కిలోల పైచిలుకు తూగుతుంది. దక్షిణపు అద్దాల గుండా వచ్చే శీతకాలపు ఎండను ఆ బరువైన గోడ పగలంతా పీల్చుకొని రాత్రి నెమ్మదిగా విడుస్తుంది. ఈ గుణాన్నే థర్మల్ మాస్ అంటారు. కప్పు మీది వాన, మంచు నీరు తొట్లలోకి చేరుతుంది; స్నానానికి, గిన్నెలకు వాడిన ఆ నీరే, అంటే గ్రేవాటర్, ఇంటిలోపలి మొక్కలను తడిపి, అక్కడ వడకట్టుకొని మరుగుదొడ్డికి పనికొస్తుంది.

అయితే ప్రయోగమన్నాక పొరపాట్లు తప్పవు. తొలినాటి ఇళ్లలో కొన్ని కారాయి, కొన్ని భరించలేనంత వేడెక్కాయి, కొన్నవారు ఫిర్యాదు చేశారు. నివాసుల భద్రతకు పూచీపడే భవన నిబంధనల్లో ఇలాంటి కట్టడానికి చోటు లేకపోవడంతో అధికారులు నిర్మాణాలను ఆపివేయగా, రేనాల్డ్స్ లైసెన్సును సైతం కోల్పోయారు. కరెంటును, నీటిని, కూరగాయలను సమకూర్చుకోగలిగిన ఇల్లు అనుమతిని మాత్రం సమకూర్చుకోలేకపోయింది. అందుకే హాడ్జ్ కెమెరా ఇటుక పనితో సమానంగా బిల్లు పనినీ అనుసరిస్తుంది. కొత్త నిర్మాణ పద్ధతులను పరీక్షించేందుకు ప్రత్యేక స్థలాలను అనుమతించాలన్న ప్రతిపాదన సభలో పలుమార్లు వీగి, చివరకు 2007లో చట్టమైంది.

దీనికి భిన్నమైన దృశ్యం అండమాన్‌లో కనిపిస్తుంది. 2004 డిసెంబరు 26 నాటి సునామీ ఇళ్లను కూల్చి, మంచినీటి వనరులను ఉప్పగిల్లజేసిన ఆ దీవుల్లో, సీసాలు, టైర్లతో వాననీటిని పట్టే ఇల్లు ఎలా కట్టాలో రేనాల్డ్స్ బృందం స్థానికులతో కలిసి చేసి చూపింది. టావోస్‌లో ఏళ్ల తరబడి సంజాయిషీ చెప్పుకోవలసి వచ్చిన ఆ విద్యే ఇక్కడ అత్యవసర సాయంగా ఆదరణ పొందింది. నిలువనీడ పోయినవారికి చెత్త ఇల్లు వింతగా తోచకపోవడం, ఉన్న ఇల్లు పదిలంగా ఉన్నవారికి అది ప్రమాదంగా తోచడం పక్కపక్కన చూపడంలోనే ఈ చిత్రం బలం ఉంది.