స్క్రిప్టులో ‘విత్’ రాశారా? అయినా కనెక్షన్ మూసుకోకపోవచ్చు

2023లో మా సిద్దిపేటకు ఐటీ టవర్ వచ్చింది. నన్ను ఫోన్ల గురించి అడిగే కుర్రాళ్లు ఇప్పుడు సర్వర్ల గురించీ అడుగుతున్నారు. అందులో ఒక డౌట్: రాత్రి బాగానే ఉన్న డేటాబేస్ పొద్దున కనెక్షన్లు నిండిపోయాయని ఎందుకు మొరాయిస్తుంది?

పోస్ట్‌గ్రెస్‌లో డిఫాల్ట్‌గా 100 కనెక్షన్లే. వాటిలో 3 సూపర్‌యూజర్‌కు రిజర్వ్. పని ముగించి స్క్రిప్ట్ బయటికొస్తే లినక్స్ దాని సాకెట్లను తనే మూసేస్తుంది, అక్కడ భయం లేదు. డేంజరంతా ఇరుక్కుపోయిన స్క్రిప్టుతోనే. పాతది ఏదో లాక్ కోసం చూస్తూ కనెక్షన్ పట్టుకుని కూర్చుంటే, క్రాన్ 5 నిమిషాలకోసారి కొత్తది వదులుతూనే ఉంటుంది. గంటకు 12. రాత్రి 10కి మొదలైతే పొద్దున 6కల్లా 97 నిండినట్టే.

ఇక ఆగకుండా లూప్‌లో తిరిగే స్క్రిప్టులు. పైథాన్‌లో ‘విత్’ పెడితే కనెక్షన్ దానంతటదే క్లోజ్ అవుతుందనుకుంటాం. సైకోపీజీ 2లో అలా కాదు! అది ట్రాన్సాక్షన్‌ను కమిట్ చేసి ఊరుకుంటుంది, కనెక్షన్ తెరిచే ఉంటుంది. ఎస్‌క్యూలైట్ మాడ్యూల్‌దీ ఇదే తీరు. సైకోపీజీ 3లో మాత్రం క్లోజ్ అవుతుంది. ఒకే మాటకు రెండు అర్థాలు పెట్టడం నాకైతే నచ్చలేదు. అందుకే ‘ఫైనల్లీ’ బ్లాకులో ‘క్లోజ్’ రాసేయండి, ఎర్రర్ వచ్చినా అది నడుస్తుంది.

ఇరుక్కుపోయే క్వెరీకి స్టేట్‌మెంట్ టైమవుట్ పెట్టండి. క్రాన్ లైన్‌లో ‘ఎఫ్‌లాక్’ ఉంటే పాతది అయ్యేదాకా రెండోది మొదలవదు. స్క్రిప్టులకు సూపర్‌యూజర్ లాగిన్ మాత్రం ఇవ్వకండి. అన్నీ నిండిన రోజు మీరు లోపలికెళ్లేది ఆ 3 సీట్లతోనే.