అరిగిపోవు పాట, తరుగని ప్రతి



న్యూయార్కు నగరమందలి బ్రాంక్సు పేటలో 1973 ఆగష్టు 11వ తేదీని, జమెయికానుండి వచ్చిన కూల్ హెర్క్ అను యువకుడు, తన చెల్లెలు ఏర్పరచిన వేడుకలో గ్రామఫోను ప్లేట్లు వాయించెను. పాట ఆగి వాద్యపు దరువు మాత్రమే మ్రోగు చోట జనులు ఉత్సాహముతో నాడుచుండుట గమనించి, ఒకే ప్లేటు రెండు ప్రతులు ప్రక్క ప్రక్కన నుంచి, ఆ దరువునే మరల మరల వినిపించుట అతడు సాధించిన నేర్పు. ఆ దరువుపై ప్రాసలతో మాటలల్లిరి. హిప్ హాప్ సంగీత మట్లు పుట్టినదని చెప్పుదురు.

తొలి యేండ్లలో నిది ప్లేట్లకెక్కలేదు; ఎవరో కాసెట్టు టేపుపై పట్టినదే మిగిలినది. 1979లో "రాపర్స్ డిలైట్" దేశమంతట మ్రోగిన పిదప చిన్న కంపెనీలు పూనుకొనినవి. అవి అచ్చొత్తినది కొలదిగా. 1983 నాటి "బీట్ బాప్" మొదట 500 ప్రతులే వెలువడెను. దాని అట్టపై బొమ్మ వేసినవాడు ప్రసిద్ధ చిత్రకారుడు బాస్కియా. వినుటకంటె చూచుటకే దానిని కొనువా రెక్కువని నా యనుమానము.

ముల్లు నడచినప్పుడెల్ల ప్లేటు గాడి యొకింత అరుగును. టేపునుండి టేపున కెక్కించిన కొలది బుస హెచ్చును. తాటాకు గ్రంథముల సంగతి మీ రెరుగుదురు: ఒక వ్రాయసకాని తప్పును తరువాతివాడు నిలుపుకొని, తనదొకటి చేర్చును.

అంకెల పద్ధతిలో నీ చిక్కు లేదు. కాంపాక్టు డిస్కు లెక్కన సెకండునకు 44,100 మార్లు ధ్వనితరంగపు టెత్తును కొలిచి వ్రాయుదురు. రెండు చెవులకు రెండు వరుసలుగా నిమిషమునకు 52,92,000 అంకె లగును. నూరవ ప్రతియు మొదటి ప్రతివంటిదే.

అయితే ఇంత మూటను చిన్నది చేయవలెను. ఎం.పి.3 పద్ధతి, చెవికి పట్టవని యెంచిన ధ్వనులను పారవేయును. 2001లో వెలువడిన ఫ్లాక్ పద్ధతి యట్లు చేయదు. ముందరి అంకెలనుబట్టి తరువాతి దానిని ఊహించి, ఊహకును నిజమునకును గల తేడాను మాత్రమే వ్రాయును. వెనుకటి కరణము, నిరుటికంటె ఇంత హెచ్చు, ఇంత తగ్గు అని వ్రాసికొనినను పూర్తి లెక్క తేల్చగలిగెడివాడు గదా! సాధారణముగా మూట సగమున కటు నిటుగా తగ్గును. పోయినది మాత్ర మేమియు నుండదు.

ఎం.పి.3 ప్రతిని పిమ్మట ఫ్లాకులోనికి మార్చినను పారవేసినది తిరిగి రాదు. ఈలోగా ప్లేటు పగిలినచో, ఆ కొరత శాశ్వతము. మూలపు టేపులున్నవి గదా యనరాదు. 2008 జూన్ 1న హాలీవుడ్డు యూనివర్సల్ స్టూడియోలలో పుట్టిన అగ్ని అట్టివానిని పెక్కింటిని దహించెను.

కావున ప్లేటును కడిగి, తగిన ముల్లు నమర్చి, వేగము సరిచూచి, ఒక్కమారే చక్కగా ఎత్తికొనవలెను. గరగరలు తుడిచివేయ బుద్ధిపుట్టును. తుడిచిన ప్రతిని వేరుగా నుంచుకొనుడు, మూలప్రతిని ముట్టకుడని నా మతము. ప్లేటునుగూడ పారవేయరాదు. కార్నెల్ విశ్వవిద్యాలయము 2007 నుండి ఇట్టి ప్లేట్లను, టేపులను, వేడుకల కరపత్రములను సయితము కూర్చి భద్రపరచుచున్నది.

ఫ్లాక్ ప్రతిలో మూలపు టంకెలనుండి లెక్కగట్టిన ముద్ర యొకటి యిమిడియుండును. ఏండ్ల పిదప దానితో సరిచూచినచో, ఎక్కడ నొక్క అంకె చెడినను బయటపడును. అప్పుడా ప్రతిని త్రోసివేసి, వేరొక యూర దాచినదానినుండి తిరిగి యెత్తికొందురు.