వార్తల్లో పదం: ఇంటి బ్యాటరీ నిల్వ

కర్ణాటకలోని పావగడ తాలూకా తిరుమణి చుట్టుపక్కల దాదాపు 13,000 ఎకరాల్లో 2,050 మెగావాట్ల సోలార్ పార్కు ఉంది. పొద్దు గూకితే ఆ పలకలు ఊరకుంటాయి. ఇళ్లలో దీపాలు వెలిగేదీ అప్పుడే. పగటి కరెంటును ఇంట్లో దాచుకుని రాత్రి వాడుకోవడమే ఇంటి బ్యాటరీ నిల్వ.

ఖర్చెంత? 5 యూనిట్ల లిథియం బ్యాటరీ లక్ష రూపాయలనుకుందాం. రోజూ 80 శాతం వాడితే 4 యూనిట్లు. 4,000 ఛార్జింగుల వరకు మన్నితే మొత్తం 16,000 యూనిట్లు. అంటే యూనిట్ దాచడానికే 6 రూపాయల 25 పైసలు. ఇన్వర్టర్, వడ్డీ, ఛార్జింగులో పోయే కరెంటు అదనం. ఇళ్లలో కనిపించే 12 వోల్టుల 150 ఏహెచ్ లెడ్ యాసిడ్ బ్యాటరీ పట్టేది 1.8 యూనిట్లే, రోజూ సగానికి మించి వాడితే త్వరగా దెబ్బతింటుంది.

మరి ఆదా? కర్ణాటకలో 2023 నుంచి ఇళ్లకు ఉచిత కరెంటు ఇచ్చే గృహజ్యోతి పథకం ఉంది. దాని పరిధిలో బిల్లు సున్నా వచ్చే ఇంటికి బ్యాటరీతో మిగిలే డబ్బు లేదు. అలాంటి ఇంట్లో కొనాల్సింది కరెంటు కోతల వేళ పిల్లల చదువు ఆగకూడదనే. కొనేముందు ఎన్ని ఛార్జింగులకు వారంటీ ఇస్తారో రాయించుకోండి.