తెలుగు చలనచిత్రములలో మాండలికము

చలనచిత్రము కేవలము వినోదసాధనమని పలువురి భావము. అది భాషాప్రమాణమును నిర్ణయించు సాధనము కూడ. ఏ పలుకుబడి నాయకునకు తగును, ఏది సేవకునకు తగును అను విషయమును తెలుగువారికి వ్యాకరణములకంటె వెండితెరయే ఎక్కువగా నేర్పినది.

1932 నాటి 'భక్త ప్రహ్లాద' మొదలుగా తొలి చిత్రములు నాటకరంగమునుండి వచ్చినవి. వాని భాషయు నాటకభాషయే. 1938లో గూడవల్లి రామబ్రహ్మము తీసిన 'మాలపిల్ల'లో వాడుకభాషకు గౌరవస్థానము లభించినది. కథ చలముది, సంభాషణలు తాపీ ధర్మారావువి. అయితే వాడుకభాష యన్నంతమాత్రమున అది అందరి వాడుకయు కాదు. నాడు చిత్రనిర్మాణమునకు మదరాసు కేంద్రము. అచ్చటి నిర్మాతలలోను, రచయితలలోను అధికసంఖ్యాకులు కోస్తా జిల్లాలవారు. వారి ఇంటిపలుకే క్రమముగా శిష్టవ్యావహారికముగా స్థిరపడినది. ఇందు కుట్ర యేమియు లేదు. తమకు వచ్చిన నుడిని వారు వ్రాసిరి, అంతియే. ఫలితము మాత్రము స్వల్పమైనది కాదు.

తెలంగాణపు యాస విషయమున ఇది స్పష్టముగా కనబడును. 1985 నాటి 'ప్రతిఘటన'లో కోట శ్రీనివాసరావు ధరించిన కాసయ్య పాత్ర ఆ యాసతోనే ప్రసిద్ధి కెక్కినది. నటన శ్లాఘనీయము. కాని ఆ పలుకు దుష్టనాయకునకు దక్కినదే గాని, ఉపన్యాసకురాలైన కథానాయికకు దక్కలేదు. పిదప పెక్కు చిత్రములలో రౌడీలకును, హాస్యగాండ్రకును అది ముద్రయైనది. 'పోతున్నాను' శుద్ధమనియు, 'పోతున్న' అశుద్ధమనియు చెప్పుటకు భాషాశాస్త్రమున ఆధారము లేదు. అయినను రెండవది వినబడగానే ప్రేక్షకుడు నవ్వుటకు సిద్ధపడును. తోటివారితో పద్యార్థమును తన యాసలో చక్కగా వివరింపగల విద్యార్థి, తరగతిలో లేచి నిలువబడగానే నుడి మార్చుకొనబోయి తడబడుట నేను పలుమారులు చూచితిని. ఆ తడబాటులో తెరకును పాలు కలదు.

'మాభూమి' (1980), 'దాసి' (1988) చిత్రములు ఇందుకు భిన్నములు. కాని అవి వ్యాపారచిత్రముల ప్రవాహమునకు వెలుపలనే నిలిచినవి. దూరదర్శనమును చాలకాలము గ్రాంథికచ్ఛాయగల వార్తాభాషనే పాటించినది. 2012లో ప్రారంభమైన వీ6 వాహిని 'తీన్మార్' వార్తలతో ఆ కట్టుబాటును సడలించినది. 2014లో ప్రత్యేకరాష్ట్ర మేర్పడిన పిమ్మట మార్పు వేగవంతమైనది. 'ఫిదా' (2017)లో బాన్సువాడ పిల్ల తన యాసతోనే కథానాయికయైనది. ఆ పాత్రకు స్వయముగా గొంతు నిచ్చిన సాయిపల్లవి మాతృభాష తెలుగు కాకపోవుట గమనింపదగిన విశేషము!

నా దృష్టిలో అంతకంటె ముఖ్యమైనది 'బలగం' (2023). పిండమును కాకి ముట్టకపోవుట అందలి ప్రధానఘట్టము. తాత, కొడుకులు, కూతురు, మనుమడు ఎల్లరును ఒకే నుడిలో మాటలాడుదురు; నవ్వునకును, ఏడుపునకును అదియే భాష. పక్కన వేరొక ప్రమాణము లేనందున అది యాసగా వినబడదు.

తక్కిన ప్రాంతములకు ఈ భాగ్య మింకను పూర్తిగా కలుగలేదు. 'సమరసింహారెడ్డి' (1999) విజయానంతరము రాయలసీమ యనగా తెరపై కత్తియే మెరసినది. ఆ సీమ కరవు అంతగా కనబడలేదు. శ్రీకాకుళపు పలుకు ఆద్యంతము వినిపించిన 'పలాస 1978' (2020) వంటి చిత్రములు అరుదు.